ఉప్పుపిండి: పావుగంట వంట, దాని వెనక నూకల చరిత్ర



ప్రతి ఏడాదీ ఈ నివేదికలో పొదుపు లెక్కలు, అప్పు లెక్కలు, బ్యాంకు లింకేజీ లెక్కలు వేసుకుంటున్నాం. ఈసారి చదువుకోవడానికి ఒక చరిత్ర వ్యాసం కూడా ఉండాలని కార్యవర్గంలో అనుకున్నారు. ఆ పని నాకు అప్పజెప్పారు. నేను చదివింది పదో తరగతి. బళ్ళో చెప్పిన చరిత్రలో రాజులు, యుద్ధాలు, సంవత్సరాలు ఉండేవి గానీ వంటిల్లు ఎక్కడా ఉండేది కాదు. మన అందరి ఇళ్ళల్లో ఉన్న చరిత్ర ఒకటి రాద్దామనుకుని ఉప్పుపిండి గురించి రాస్తున్నాను. నవ్వొద్దు. చివరిదాకా చదివితే మన సంఘంలో ఈ ఏడాది వచ్చిన ఒక తగువుకి కూడా దీంట్లో సంబంధం ఉందని మీకే తెలుస్తుంది.

ఉప్పుపిండి అంటే బియ్యపు రవ్వతో చేసే ఉప్మా. కొందరు ఉప్పిండి అంటారు, కొందరు ఉప్పుడు పిండి అంటారు. పేరు పలకడంలో ఇంటికో తీరు. (ఉప్పుడు బియ్యం వేరే. అది వడ్లు ఉడకబెట్టి, ఎండబెట్టి ఆడించింది. దాని సంగతి తర్వాత వస్తుంది.) పొద్దున్నే పనికి పోయేవాళ్ళకి, రాత్రి అన్నం వద్దనుకునేవాళ్ళకి, చెప్పకుండా చుట్టాలొస్తే పెట్టడానికి పావుగంటలో అయిపోయే వంట. ఇడ్లీ దోసెల మాదిరి ముందురోజు నానబెట్టి రుబ్బుకునే పని లేదు. అందుకే దీన్ని అందరూ "చిటికెలో అయిపోయేది" అంటారు. నేను చెప్పదలచుకున్నది ఆ మాట గురించే. పొయ్యి మీద పావుగంటలో అవుతుంది, నిజమే. పొయ్యి మీదకి రాకముందు ఆ గింజని ఎవరో దంచారు, చెరిగారు, జల్లించారు, ఆరబోశారు. ఆ గంటలు ఎవరూ లెక్కపెట్టలేదు.

ముందు చేసే విధానం చెప్తాను. కొత్తగా కాపురానికొచ్చిన పిల్లలు కూడా మన సంఘాల్లో ఉన్నారు, వాళ్ళకి పనికొస్తుంది. ఒక గ్లాసు రవ్వకి రెండు గ్లాసుల నీళ్ళు. పాత బియ్యం రవ్వయితే ఇంకో పావు గ్లాసు ఎక్కువ పడుతుంది. గుప్పెడు పెసరపప్పు పావుగంట ముందు నానేసుకోవాలి. అడుగు మందంగా ఉన్న గిన్నెలో గానీ ఇనప మూకుట్లో గానీ నూనె కాగాక శనగపప్పు, మినప్పప్పు, ఆవాలు, జీలకర్ర, నాలుగు ఎండుమిరపకాయలు, ఇంగువ, కరివేపాకు తాలింపు పెట్టి, నీళ్ళు పోసి ఉప్పు వెయ్యాలి. ఎసరు మరిగేటప్పుడు పెసరపప్పు వేసి, పప్పు సగం ఉడికాక ఒక చేత్తో రవ్వ పోస్తూ రెండో చేత్తో కలుపుతూ ఉండాలి. తర్వాత మంట బాగా తగ్గించి మూత పెట్టి వదిలెయ్యాలి. ఊరికే మూత తీసి కలపకూడదు. అడుగున ఎర్రగా చెక్క కడుతుంది చూడండి, అదే అసలు రుచి. ఆ చెక్క కోసం మా ఇంట్లో పిల్లలు కొట్టుకుంటారు. ఆవకాయతో గానీ చింతకాయ పచ్చడితో గానీ తినొచ్చు. ఒక ముద్ద చివర్లో పెరుగుతో.

గోధుమ రవ్వ ఉప్మాకీ దీనికీ తేడా ఉంది. గోధుమ రవ్వ ముద్దవుతుంది. బియ్యపు రవ్వ సరిగ్గా చేస్తే పొడిపొడిగా పూసల్లా విడిపోతుంది. ఆ విడిపోవడం వంట చేసే చేతిలో కంటే జల్లెడలో ఉంది. రవ్వలో పిండి కలిసిపోయిందంటే ఎంత చెయ్యి తిరిగినవాళ్ళు చేసినా జావే అవుతుంది.

మన బెజవాడలో కొన్ని వంటలకి పేరుంది. పులిహోరని ఇంద్రకీలాద్రి మీద అమ్మవారి ప్రసాదంగా కళ్ళకద్దుకుని తింటాం. ఇడ్లీ అంటే గాంధీనగర్ బాబాయ్ హోటల్ పేరు చెప్తారు. ఉప్పుపిండికి గుడీ లేదు, హోటలూ లేదు. దానికి కారణం ఉంది. పులిహోరలో చింతపండు పులుపు, నూనె, పసుపు ఉంటాయి, ఒక రోజు నిలవుంటుంది. అందుకని పదిమందికి పంచడానికి, దూరం పట్టుకెళ్ళడానికి పనికొచ్చింది. 2024 సెప్టెంబరులో బుడమేరు పొంగి సింగ్‌నగర్ వైపంతా మునిగినప్పుడు కూడా పొట్లాల్లో కట్టడానికి పులిహోరే వీలయ్యింది. ఉప్పుపిండి అలా కాదు, వేడి మీద తినాలి. చల్లారితే గట్టిపడుతుంది, మర్నాటికి పనికిరాదు. అందుకే అది ఇల్లు దాటలేదు. ఇల్లు దాటని వంట గురించి ఎవరు రాస్తారు? చేసినవాళ్ళు రాయలేదు, రాసేవాళ్ళు చెయ్యలేదు.

ఇక నూకల దగ్గరికొద్దాం. ఇప్పుడు మనం మంచి బియ్యాన్నే మరలో పట్టించి రవ్వ చేస్తున్నాం గానీ, పూర్వం రవ్వ కోసం ఎవరూ నిండు బియ్యం పగలగొట్టేవాళ్ళు కాదు. వడ్లు దంచినప్పుడు విరిగిపోయిన గింజలే నూకలు. వాటిలో ఇంకా సన్నవి మెరికలు. వడ్లు రోట్లో పోసి ఇద్దరు ఎదురుబొదురుగా నిలబడి రోకళ్ళతో దంచితే మొదటిసారి ఊక పోతుంది. చేటతో చెరిగి, మళ్ళీ దంచితే తవుడు వస్తుంది. మళ్ళీ చెరిగి, జల్లిస్తే బియ్యం ఒక పక్కకీ, నూక ఒక పక్కకీ, తవుడు ఒక పక్కకీ వస్తాయి. చెరగడం అనేది ఒక విద్య. చేట ఒక రకంగా ఎగరేస్తే పొట్టు ముందుకు పోతుంది, ఇంకో రకంగా తిప్పితే నూక కిందికి దిగుతుంది. మా నాయనమ్మది పామర్రు వైపు. ఆవిడ చిన్నతనంలో వాళ్ళమ్మతో కలిసి పెద్ద రైతుల ఇళ్ళల్లో దంపుళ్ళకి పోయేదట. బియ్యం ఇంటివాళ్ళవి, కూలి కింద ఇంత నూక, ఇంత తవుడు. ఆ నూకలే రాత్రికి జావో, ఉప్పుపిండో అయ్యేవి. ఇంగువ తాలింపూ, పెసరపప్పూ పెద్దిళ్ళల్లో. మా వాళ్ళకి ఉప్పు, ఎండుమిరపకాయ, ఉంటే ఒక ఉల్లిపాయ.

"దంచినమ్మకు బొక్కిందే కూలి" అని మన సామెత. దంచుతూ దంచుతూ నోట్లో వేసుకున్న గుప్పెడే ఆవిడ జీతం అని అర్థం. దీన్ని ఎక్కువమంది హాస్యానికి వాడతారు. నాకైతే అది ఒక లెక్క పుస్తకంలో పేజీలా అనిపిస్తుంది. చచ్చిపోయినవాళ్ళ గురించి "నూకలు చెల్లిపోయాయి" అంటాం, పెద్ద జబ్బు చేసి లేచినవాళ్ళని "భూమ్మీద ఇంకా నూకలున్నాయి" అంటాం. బియ్యం చెల్లిపోయాయి అనం. ప్రాణానికి కొలత పెట్టడానికి మన భాష నూకనే పట్టుకుంది. ఈ మాటలు పుట్టించినవాళ్ళు ఏం తినేవాళ్ళో మనకి వేరే చెప్పక్కర్లేదు.

అయితే బియ్యం, నూకలు మన వైపు ఎప్పుడూ ఇంత దండిగా ఉండేవి కావు. కృష్ణా కాలవలు రాకముందు మెట్ట పొలాల్లో జొన్న, సజ్జ, వరిగ, కొర్ర పండేవి. చెరువు కింద, లంకల పక్కన పల్లపు నేలల్లో వానని బట్టి వరి. మామూలు జనానికి వరన్నం పండక్కే. కృష్ణకి అటూ ఇటూ 1832, 1833 సంవత్సరాల్లో వచ్చిన కరువుని నందన కరువు అంటారు, ఆ తెలుగు సంవత్సరం పేరు నందన కాబట్టి. గుంటూరు జిల్లా ఒక్కదాంట్లోనే లక్షమందికి పైగా చచ్చిపోయారు. పక్కనే కృష్ణ పారుతుండగానే ఇది జరిగింది. నీళ్ళు సముద్రంలోకి పోతున్నాయి, పొలాలు ఎండిపోతున్నాయి.

ఆ తర్వాత ధవళేశ్వరం దగ్గర గోదావరికి ఆనకట్ట కట్టిన ఆర్థర్ కాటన్ దొర కృష్ణకి కూడా కట్టాలని చెప్పాడు. బెజవాడ దగ్గర కొండల మధ్య కెప్టెన్ ఆర్ అనే ఇంజనీరు చేతుల మీదుగా 1855 నాటికి ఆనకట్ట పూర్తయ్యింది. ఇప్పుడు మనం చూసే ప్రకాశం బ్యారేజీ దాని తర్వాతది, 1957లో వచ్చింది. ఆనకట్టతో ఎడమ గట్టున ఏలూరు కాలవ, రైవస్ కాలవ, బందరు కాలవ పారాయి. మన పటమట, దాని కింద కంకిపాడు, ఉయ్యూరు, పామర్రు అంతా వరి పొలాలయ్యాయి. ఇవాళ మనం ఆటోనగర్ షెడ్లు, బెంజి సర్కిల్ ఫ్లైఓవరు చూస్తున్న ఈ చుట్టుపట్ల కూడా ఒకప్పుడు పొలాలే. కాలవ నీళ్ళతో వడ్లు పెరిగాయి. వడ్లు పెరిగితే దంపుళ్ళు పెరిగాయి. దంపుళ్ళు పెరిగితే నూకలు పెరిగాయి. జొన్న సంకటి తినే ఇంట్లోకి ఉప్పుపిండి అలా వచ్చింది. కాటన్ దొర బొమ్మలు కాలవ గట్ల మీద ఉన్నాయి, ఉండాల్సిందే. ఆ కాలవలు తవ్విన కూలీల్లో, ఆ వడ్లు దంచినవాళ్ళల్లో ఒక్కరి పేరూ ఎక్కడా లేదు.

పెద్ద కులాల ఇళ్ళల్లో ఉప్పుపిండి వచ్చిన దారి వేరు. శనివారం రాత్రి, కార్తీక సోమవారం, ఇంకా నోములప్పుడు "అన్నం తినకూడదు, ఫలహారం చెయ్యాలి" అంటారు. ఫలహారం అంటే ఉప్పుపిండి. ఆలోచిస్తే తమాషాగా ఉంటుంది. గింజ నిండుగా ఉంటే అన్నం, అదే గింజ విరిగితే అన్నం కాదు! ఏకాదశి గట్టిగా చేసేవాళ్ళు మాత్రం రవ్వ కూడా ముట్టరు, వాళ్ళ నియమం వాళ్ళది. దీనికి ఇంకో కోణం ఉంది, అది తమాషా కాదు. భర్త పోయిన ఆడవాళ్ళు రాత్రిపూట అన్నం తినకూడదనే కట్టుబాటు ఉన్న ఇళ్ళు ఉండేవి. పదహారేళ్ళకి భర్త పోయినా సరే, బతికినన్నాళ్ళూ రాత్రికి పిండో, అట్టో. వాళ్ళకి ఉప్పుపిండి ఇష్టమా అని ఎవరూ అడగలేదు. కాబట్టి ఒకే గిన్నెలో ఇద్దరు ఆడవాళ్ళు కనిపిస్తారు. ఒకామె కూలి కింద వచ్చిన నూకలు తిన్నది, ఇంకొకామె నియమం కింద నూకలు తిన్నది. ఇద్దరిలో ఎవరికీ నిండు గింజ రాలేదు.

తర్వాత మరలు వచ్చాయి. బియ్యపు మిల్లులు ఇరవయ్యో శతాబ్దంలో డెల్టా అంతా పెరిగాయి. రైలు, కాలవ పడవలు ఉన్నాయి కాబట్టి బియ్యం ఎక్కడికైనా పోయేది. ఆడవాళ్ళకి రోకటి పోటు తప్పింది, అది నిజంగా మేలు. భుజాలు, నడుములు పడిపోయే పని అది. దాన్ని మళ్ళీ తెమ్మని నేను ఛస్తే అనను. కానీ పోటుతో పాటు కూలి కూడా పోయింది. రోకలి పట్టినవాళ్ళు మిల్లు లోపల మర దగ్గరికి పోలేదు. అక్కడ మగవాళ్ళు ఉన్నారు. ఆడవాళ్ళకి మిగిలింది మిల్లు కళ్ళంలో వడ్లు ఆరబొయ్యడం, ఊడవడం, నూక ఏరడం. నూకలు కూలి కింద రావడం ఆగిపోయి, మిల్లు దగ్గర డబ్బిచ్చి కొనుక్కునే సరుకయ్యాయి.

ఇంకో నష్టం ఒంటికి జరిగింది. మర తెల్లగా పాలిష్ పట్టేసరికి తవుడంతా పోయింది. తవుట్లో బి-1 విటమిను ఉంటుంది. అది లేక వచ్చే జబ్బు బెరిబెరి: కాళ్ళు తిమ్మిరెక్కి, నీరు పట్టి, నడవలేక, చివరికి గుండె ఆగిపోతుంది. మన కోస్తా జిల్లాలని అప్పట్లో ఉత్తర సర్కారులు అనేవాళ్ళు. దేశం మొత్తం మీద ఈ జబ్బుకి పేరుపడ్డ చోటు అదే. కూనూరులో ఉన్న పోషకాహార పరిశోధనశాల డాక్టర్లు మెకారిసన్, ఆయన తర్వాత ఐక్రాయిడ్ దీని మీద పని చేశారు. ఉప్పుడు బియ్యం తినే చోట ఈ జబ్బు రావట్లేదని తేలింది. వడ్లు ఉడకబెట్టినప్పుడు తవుట్లోని సారం గింజలోకి దిగుతుంది, మర పట్టినా పూర్తిగా పోదు. మన వాళ్ళు పచ్చి బియ్యం తెల్లగా పట్టించి, రెండు మూడుసార్లు కడిగి, గంజి కూడా వార్చేసేవాళ్ళు. సారమంతా కుడితి గోళెంలోకి పోయేది. గేదెలు బాగుండేవి! ఆ పరిశోధనశాలే తర్వాత హైదరాబాదుకి మారి, ఇప్పుడు జాతీయ పోషకాహార సంస్థగా తార్నాకలో ఉంది.

గాంధీగారు కూడా దంపుడు బియ్యం తినమని చెప్పారు. 1934లో వార్ధాలో మొదలుపెట్టిన గ్రామ పరిశ్రమల సంఘం పెట్టుకున్న పనుల్లో చేతి దంపుడు ఒకటి. స్వతంత్రం వచ్చాక 1958లో బియ్యం మిల్లుల నియంత్రణ చట్టం కూడా చేశారు, ఇష్టమొచ్చినట్టు మరలు పెట్టకుండా, దంపుళ్ళ మీద బతికేవాళ్ళకి కాస్త రక్షణ ఉండాలని. చట్టం వచ్చింది గానీ మర ఆగలేదు. ఆగుతుందా? ఒక్క గంటలో బస్తాలు ఆడేచోట రోకలి ఎంతసేపు నిలబడుతుంది?

మధ్యలో యుద్ధం రోజులు. 1942లో బర్మా జపాను చేతికి పోయింది. అప్పటిదాకా మన దేశానికి బర్మా బియ్యం వచ్చేది, అది ఆగిపోయింది. రంగూన్‌లో కూలికి పోయిన తెలుగువాళ్ళు అడవుల్లో పడి నడిచి వచ్చారు. బియ్యానికి రేషను వచ్చింది, గోధుమ తినండని సర్కారు చెప్పింది. బెంగుళూరులో ఎం.టి.ఆర్. హోటలు వాళ్ళు రవ్వ ఇడ్లీ పుట్టింది ఆ బియ్యం కరువులోనే అని చెప్పుకుంటారు. మన ఇళ్ళల్లో "బొంబాయి రవ్వ" అనే మాట వినపడుతుంటుంది కదా, ఊరి పేరు పెట్టుకున్న రవ్వంటేనే అది బయట సరుకని తెలుస్తుంది. నూకల ఉప్పుపిండి చేసే పద్ధతిలోనే గోధుమ రవ్వ వేస్తే ఉప్మా. తాలింపు అదే, ఎసరు అదే, గింజ మారింది. గోధుమ రవ్వకి పెసరపప్పు నప్పదు కాబట్టి అది తీసేసి ఉల్లిపాయ, అల్లం, పచ్చిమిర్చి పెట్టారు.

1956 నుంచి పి.ఎల్. 480 ఒప్పందం కింద అమెరికా గోధుమలు ఓడల్లో వచ్చాయి. 1965లో తిండిగింజల కొరత వచ్చినప్పుడు ప్రధానమంత్రి లాల్‌బహదూర్ శాస్త్రిగారు సోమవారం ఒక పూట భోజనం మానమని దేశాన్ని అడిగారు. కార్తీక సోమవారం అలవాటున్న మన వైపు ఆడవాళ్ళకి అది కొత్తగా అనిపించి ఉండదు. రోజూ ఒక పూట మానేసేవాళ్ళ సంగతి వేరే. బళ్ళల్లో పిల్లలకి కేర్ సంస్థ ఇచ్చిన రవ్వతో ఉప్మా వండి పెట్టేవాళ్ళు. పసుప్పచ్చని మొక్కజొన్న రవ్వ, పాలపొడి. ఇప్పుడు యాభై, అరవై ఏళ్ళున్న మన సభ్యుల్ని అడిగితే ఆ ఉప్మా వాసన గురించి ఇంకా చెప్తారు. కొందరు అసహ్యంగా చెప్తారు, కొందరు అది తినడానికే బడికి పోయామంటారు. రెండూ నిజమే.

తర్వాత కొత్త వంగడాలు. ఐఆర్-8 అనే పొట్టి వరి 1967లో పశ్చిమ గోదావరి ఆచంటలో నెక్కంటి సుబ్బారావుగారనే రైతు పండించి దేశమంతా పేరు తెచ్చుకున్నారు. పంట బ్రహ్మాండంగా వచ్చేది, గింజ మాత్రం లావు, మధ్యలో సుద్దలా తెల్ల మచ్చ. మర పడితే పుటుక్కుమని విరిగేది. నూకలే నూకలు. తర్వాత మార్టేరు నుంచి స్వర్ణ, బాపట్ల నుంచి 1986లో సాంబ మసూరి వచ్చాయి. రబ్బరు రోళ్ళ మిల్లులు వచ్చాయి. పాత హల్లరులో కంటే వీటిల్లో నూక తక్కువ పడుతుంది. అలా నూకలు తగ్గుతున్న రోజుల్లోనే 1983లో ఎన్.టి. రామారావుగారి రెండు రూపాయల కిలో బియ్యం వచ్చింది. పేద ఇంట్లో మూడు పూటలా నిండు అన్నం అప్పుడు మొదలైందని మా అమ్మ అంటుంది. ఉప్పుపిండి చేసే దారి అక్కడ తిరగబడింది. అంతకు ముందు బియ్యం కొనలేక నూక తిన్నాం. ఇప్పుడు బియ్యం కడిగి, ఆరబోసి, మరకి పట్టుకెళ్ళి మనమే రవ్వ పట్టిస్తున్నాం. రేషన్ బియ్యం అన్నం పిల్లలు తినకపోతే రవ్వ చేసి ఉప్పుపిండి పెట్టడం మన వాడలో చాలా ఇళ్ళల్లో ఉన్నదే. ఆ బియ్యంలో ఎలాగూ నూక ఉంటుంది. నిబంధన ప్రకారమే చాలాకాలం 25 శాతం దాకా ఉండొచ్చన్నారు.

ఇక్కడ ఒక సంగతి గట్టిగా చెప్పాలి. రేషన్ బియ్యంలో కొన్ని గింజలు వేరే రంగులో, నీళ్ళలో తేలుతూ కనపడుతున్నాయి. ప్లాస్టిక్ బియ్యం కలిపారని మన వీధుల్లో ఏరి పారేస్తున్నారు. అవి ప్లాస్టిక్ కాదమ్మా. బియ్యప్పిండిలో ఇనుము, ఫోలిక్ యాసిడ్, బి-12 కలిపి మళ్ళీ గింజ ఆకారంలో పోసినవి. కిలోకి 10 గ్రాముల లెక్కన కలిపినవి. రక్తం తక్కువున్న ఆడవాళ్ళ కోసమని పెట్టారు. తలసేమియా లాంటి జబ్బున్నవాళ్ళు మాత్రం డాక్టరుని అడగాలి. నాకు నవ్వొచ్చేదేమంటే, ఒక మర తవుడు తీసేసి సారం పోగొడుతుంది, ఇంకో మర గింజలా చేసి సారం కలుపుతుంది. మా నాయనమ్మ కూలి కింద తెచ్చుకున్న తవుడు నూకల్లో అందులో కొంత ఊరికే ఉండేదేమో.

ఇక మన సంగతి. డ్వాక్రా పథకం దేశంలో 1982లో మొదలైంది. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో రోశమ్మగారు, ఆ ఊరి ఆడవాళ్ళు సారా దుకాణం మూయించారు. ఆ ఊపు మీదే ఊరూరా పొదుపు సంఘాలు పెరిగాయి. ఆ ఏడాదే నాబార్డు సంఘాల్ని బ్యాంకులతో కలిపే పని మొదలుపెట్టింది. పట్నాల్లో 2007లో మెప్మా వచ్చింది, మనం దాని కింద ఉన్నాం. సంఘాల ఆడవాళ్ళు ఏం వ్యాపారం చేస్తారంటే పచ్చళ్ళు, కారాలు, పిండ్లు. తెలిసిన పని కదా. మా సంఘం కూడా బియ్యపు రవ్వ, ఇడ్లీ రవ్వ, జొన్న రవ్వ, కొర్ర రవ్వ ప్యాకెట్లు చేస్తోంది. పటమట రైతు బజారుకి వచ్చేవాళ్ళలో షుగరున్న పెద్దవాళ్ళు కొర్ర రవ్వ అడుగుతున్నారు. కాలవలు రాకముందు తిన్న గింజ మళ్ళీ బియ్యం కంటే ఎక్కువ ధరకి వచ్చింది. అమ్మకానికి రేషన్ బియ్యం వాడం, అది నేరం. మిల్లు బియ్యమే కొంటాం. ఇప్పుడు నూకలు కూడా చవకేం కాదు. కోళ్ళ దాణాకి, ఇథనాల్‌కి పోతున్నాయి. 2022 సెప్టెంబరులో దేశంలో నూకల కొరత వస్తుందని కేంద్రం ఎగుమతి కూడా ఆపింది. కూలి కింద పారేసిన సరుకు కోసం ఢిల్లీలో ఉత్తర్వులు రాసే రోజు వచ్చింది.

మొదట్లో చెప్పిన తగువు ఇదీ. ప్యాకెట్ ధర కట్టేటప్పుడు బియ్యం ఖరీదు, మర కూలి, కవరు, ఆటో కిరాయి రాస్తాం. బియ్యం కడగడం, డాబా మీద దుప్పటి పరిచి ఆరబొయ్యడం, కాకులు రాకుండా కాపలా, మర నుంచి తెచ్చాక పిండి వేరు రవ్వ వేరు జల్లించడం రాయట్లేదు. పది కిలోలకి ఇద్దరికి ఒక పూట పడుతుంది. ఎండ సరిగ్గా లేకపోతే రెండు రోజులు. మా సంఘంలో ఒకావిడ, వయసులో మా అందరికంటే పెద్దావిడ, మొన్న ఆగస్టు మీటింగులో లేచి "జల్లించినమ్మకి కూలేదీ?" అని అడిగింది. లాభంలో అందరికీ సమానంగా వాటా వస్తోంది కదా అని కొందరన్నారు. "వాటా అందరికీ, నడుం నొప్పి ఇద్దరికేనా?" అన్నది ఆవిడ. జల్లించగా వచ్చిన పిండి ఇంటికి తీసుకెళ్ళమందామని ఇంకొకరన్నారు. ఆ పిండితో చెక్కలు, జంతికలు చేసుకోవచ్చు, నిజమే. కానీ నాకు వెంటనే మా నాయనమ్మ కొంగున కట్టుకొచ్చిన తవుడు గుర్తొచ్చింది.

కిలోకి ఆరు రూపాయలు కూలి గడి ఒకటి ధరల కాగితంలో పెట్టాలని నేను ప్రతిపాదన రాసి సమాఖ్యకి ఇచ్చాను. ప్యాకెట్ ధర పెరుగుతుంది, షాపుల రవ్వతో పోటీ పడలేమని కొన్ని సంఘాల లీడర్లు అంటున్నారు. వాళ్ళ భయం తీసిపారెయ్యదగ్గది కాదు. షాపు రవ్వ పెద్ద మరల్లో జల్లెడ పట్టి వస్తుంది, అక్కడ చేతి పని లేదు. చేతి జల్లెడకి బదులు చిన్న మోటారు జల్లెడ కొనుక్కుంటే పని తగ్గుతుందని ఇంకొందరు అంటున్నారు. ఆహార శుద్ధి పరిశ్రమల పథకంలో సంఘ సభ్యురాలికి 40,000 రూపాయల దాకా మూలధనం ఇచ్చే వీలుందని సి.ఓ. మేడం చెప్పారు. మోటారు వచ్చినా కడగడం, ఆరబొయ్యడం చేత్తోనే. జనరల్ బాడీలో దీని మీద చర్చ ఉంది. రవ్వ పని చేసే సంఘాలవాళ్ళు ఒక నెల పాటు ఎవరు ఎన్ని గంటలు పని చేశారో పుస్తకంలో రాసుకుని రండి. గడియారం చూసి రాయండి, అంచనాగా వద్దు. పెద్దవాళ్ళు ఉంటే వాళ్ళ దంపుళ్ళ కూలి ఎంతొచ్చేదో కూడా అడిగి రాసుకురండి, వచ్చే ఏడాది నివేదికలో వేద్దాం.